వంగిన కంబాలు

ఎల్లారెడ్డి, 29 ఆగస్టు 2025

షూటింగ్ వాయిదా. చవితినాటి వానకు భిక్కనూరు, తలమడ్ల దిక్కున పట్టాల కింది మట్టి కొట్టుకుపోయింది. కామారెడ్డి మీది నుంచి బండ్లు బందు. బండిలో కూచుంటే నెట్ లేకున్నా సెల్‌టవర్లను బట్టి ఎక్కడున్నమో చెప్పే యాప్ నా ఫోన్‌లో ఉంది. పట్టాల కింద నేల ఉందో లేదో దానికెట్ల తెలుస్తది!

రైలు లేని ఊరోడు రైలు సినిమా తీస్తడా అని బాపు నవ్వుతున్నడు. లూమియేర్ సోదరులు 1890లలో తీసిన రైలు బొమ్మ నిమిషం కూడా లేదు. నాకు నాలుగు నిమిషాలు కావాలె.

14 సెప్టెంబరు

కామారెడ్డిలో నిజామాబాద్ బండి ఎక్కిన. కిటికీకి ఫోన్ ఆనించి, ఉప్పల్‌వాయి దాటి సిర్నాపల్లి అడవి దాకా వదలకుండా తీసిన. తెర మీద కరెంటు కంబాలన్నీ ఒక పక్కకు వాలి పరుగెత్తుతున్నయి!

ఫోన్ కెమెరా బొమ్మను ఒక్కసారే పట్టదు, వరుస వెంట వరుస చదువుతది. పై వరుస చదివి కింది వరుసకు వచ్చేలోపు కంబం జరుగుతది. వేగం పెరిగితే వాలు పెరుగుతది. దూరంగా ఉన్న గుట్టలు మాత్రం నిటారుగానే ఉంటయి. స్టేషన్ దగ్గరికి రాంగనే కంబాలు మెల్లగ లేచి నిలబడ్డయి. బండి ఆగినట్టు చెప్పటానికి వేరే షాట్ అక్కర్లేదు.

సరిచేసే సాఫ్ట్‌వేర్ ఉందట. నాకొద్దు. మీటర్‌గేజ్ కాలంలో ఈ కరెంటు కంబాలే లేవు, అప్పుడు ఈ సినిమా పుట్టేదే కాదు.

16 సెప్టెంబరు

దోస్తు డ్రోన్ షాట్ పెట్టమంటడు, ఏఐ గొంతుతో కామెంటరీ అంటడు. రెండూ కొట్టేసిన. పై నుంచి చూస్తే కంబం వంగదు కద.

21 సెప్టెంబరు

చప్పుడు సంగతే తేలలేదు. ఇప్పటి పట్టాలు వెల్డింగ్ చేసినయి, ఆ పాత టకటక రాదు. నెట్‌లో దొరికే రైలు చప్పుడు అతికించాలంటే మనసొప్పుతలేదు. అమ్మమ్మకు చూపించిన.

"గా కంబాలెందుకు గట్ల వాలినయ్ బిడ్డా? గాలికా?"

"నీకు వాలినట్టే కొడుతున్నదా?"

"గుడ్డిదాన్నా నేను?"

ఈ మాటలే పెడితే? రేపు మళ్లీ అనిపించి రికార్డు చేయాలె. ఊరికే అనదు, పైసలడుగుతది.