గురువుకో సినిమా... నాన్నకో సినిమా!

సత్యజిత్ రాయ్ అనగానే ఎవరికైనా ‘పథేర్ పాంచాలి’ గుర్తొస్తుంది. అదే రాయ్ నలుగురు మహానుభావుల మీద డాక్యుమెంటరీలు తీశారని తెలిసినవాళ్లు తక్కువ. ఆ నలుగురికీ ఆయన ఏదో ఒకవిధంగా రుణపడ్డవాడే.

మొదటిది రవీంద్రనాథ్ ఠాగూర్ శతజయంతికి, 1961లో తీసింది. విశ్వకవి పోయి అప్పటికే ఇరవై ఏళ్లు. పాత ఫిల్ములూ ఫొటోలూ వెతికి తెచ్చారు, బాల్యాన్ని మాత్రం నటులతో తీశారు. వ్యాఖ్యానం రాయ్ తన గొంతుతోనే చెప్పారు.

రెండోది గురుదక్షిణ. శాంతినికేతన్‌లో రాయ్‌కి పాఠాలు చెప్పిన చిత్రకారుడు వినోద్ బిహారీ ముఖర్జీ. పుట్టుకతోనే ఆయనకు ఒక కన్ను కనిపించదు, రెండోదీ అంతంతమాత్రం. యాభై దాటాక శుక్లాల ఆపరేషన్ వికటించి ఆ కాస్త చూపూ పోయింది. అయినా చేతులు ఆగలేదు. కాగితాలు కత్తిరించి బొమ్మలు చేశారు, పలకలు తడిమి చూసుకుంటూ గోడమీద కుడ్యచిత్రం కూర్చారు. దాన్నే రాయ్ ‘ది ఇన్నర్ ఐ’(1972)గా తీశారు. ఇరవై నిమిషాల ఆ సినిమాలో ‘అయ్యో పాపం’ అన్న మాటే ఉండదు. తన పని తాను చేసుకుపోయే మనిషే కనిపిస్తాడు. దానికి జాతీయ పురస్కారం వచ్చింది.

మూడోది ‘బాల’(1976). నాట్యకళాకారిణి బాలసరస్వతి... క్షేత్రయ్య పదాలకు పెట్టింది పేరైన వీణ ధనమ్మాళ్‌కు మనవరాలు. పద్నాలుగేళ్లప్పుడు కలకత్తాలో ఆమె నాట్యం చూసి రాయ్ ముగ్ధుడయ్యారు. కెమెరా ముందుకు తెచ్చేసరికి ఆమెకు యాభై ఎనిమిదేళ్లు! వయసులో ఉన్నప్పటి నాట్యం దక్కలేదన్న బాధ ఉన్నా, అసలే దక్కకపోవడం కన్నా ఇది నయమనుకున్నారు. సముద్రపుగాలికి చీర చెంగు ఎగురుతుంటే ఇసుకలో ఆమె అభినయించిన దృశ్యం అలా మనకు మిగిలింది. 1984లో బాల కన్నుమూశారు.

చివరిది నాన్న మీద. పిల్లల కోసం హాస్యకవితలు రాసి, బొమ్మలూ తనే వేసుకున్న సుకుమార్ రాయ్ 1923లో, ముప్ఫై అయిదేళ్లకే పోయారు. అప్పటికి సత్యజిత్‌కి రెండున్నరేళ్లయినా నిండలేదు. గుండెజబ్బు నుంచి కోలుకుంటూ 1987లో తండ్రి శతజయంతికి ఆ సినిమా తీశారు. నాన్న రాతలూ బొమ్మలూ ఫొటోలే అందులో ఆధారం. గురువునూ బాలనూ కళ్లారా చూసి తీసిన కొడుకు, నాన్నను మాత్రం కాగితాల్లోనే వెతుక్కున్నాడు.