నిర్మాత పేరు

వాల్‌పోస్టరు మీద తారల పేర్లు, దర్శకుని పేరు చదివి అంతటితో చూపు మరల్చుకొనుట మాకు చిన్ననాటి అలవాటు. నిర్మాత అనగా సొమ్ము పెట్టే షావుకారు అనియే మా తలంపు. తైవాన్ చలనచిత్రాల చరిత్ర చదివిన పిదప ఆ తలంపు సడలినది.

ఆ ద్వీపంలో 1949లో వచ్చిన సైనిక శాసనం 1987 వరకు తొలగలేదు. సెంట్రల్ మోషన్ పిక్చర్ కార్పొరేషన్ అనే పెద్ద చిత్రనిర్మాణ సంస్థ ఆనాడు పాలకపక్షమైన కొమింటాంగ్ పార్టీ సొత్తు. దాని జనరల్ మేనేజరు మింగ్ జీ. ఆయన షియావో యే, వూ నియెన్‌జెన్ అనే ఇద్దరు యువ రచయితలను కొలువులో చేర్చుకొని, వారి మాట విన్నారు. పెద్ద కుర్చీలో కూర్చున్నవారు చిన్నవారి మాట వినుట ఎంత అరుదో మన మెరుగుదుము.

1982లో ఒకే చిత్రాన్ని నాలుగు భాగాలు చేసి, తక్కువ ఖర్చుతో నలుగురు కొత్త దర్శకులకు అప్పగించారు. వారిలో ఎడ్వర్డ్ యాంగ్ తరువాత లోకప్రసిద్ధుడైనాడు.

మరుసటి ఏడు హువాంగ్ చున్‌మింగ్ కథలతో 'ది శాండ్‌విచ్ మాన్' వచ్చినది. హౌ షియావో షియెన్ తీసిన భాగంలో ఒక పేద తండ్రి విదూషక వేషంతో, సినిమా ప్రకటన పలకలు మోయుచు వీధులు తిరుగును. పని మారి ముఖాన రంగు కడుగుకొనగా, పసిబిడ్డ తండ్రిని గుర్తింపక ఏడ్చును. తండ్రి మరల రంగు పూసుకొనును! వాన్ జెన్ తీసిన చివరి భాగంలో, అమెరికా సైనికాధికారి కారు గుద్దిన ఒక కూలివాని కుటుంబం ఆసుపత్రిలో ఆపిల్ పండ్ల రుచి చూచును. మురికివాడలు చూపి దేశం పరువు తీసినారని పార్టీ పెద్దలకు లేఖ వెళ్ళినది. కత్తెర సిద్ధమైనది, పత్రికలు గొంతెత్తగా చిత్రం నిలిచినది. అట్టి కథను ఆ పార్టీ సొమ్ముతోనే తీయనిచ్చినది మింగ్ జీ.

ఇది చదివి మేము సిగ్గుపడితిమి. పూర్వం వేరొక చోట చదువుచు గోడపత్రికకు సంపాదకులమై యుండగా, ఒక విద్యార్థి రిక్షా తొక్కే తన తండ్రిని గూర్చి కథ వ్రాసి తెచ్చినాడు. చక్కని కథ. ఇంటి పేదరికం ఇట్లు గోడకెక్కించుట గౌరవం కాదని ఎవరో అనగా, మేము మారుపలుకక తిరిగి ఇచ్చివేసితిమి. మమ్ము బెదిరించినవారు లేరు. సైనిక శాసనమూ లేదు. అతడు కాగితాలు మడిచి జేబులో పెట్టుకొని వెళ్ళినాడు. మరల మాకేమియు వ్రాసి ఇవ్వలేదు.