గొట్టం అందని ఇళ్ళు

వదినా, ఆ గోరసీ కుంపటి కాస్త గోడవారకి జరపండి, చేతులు కొంకర్లు పోతున్నాయి. రాత్రి మా అక్క కూతురు ఫోన్ చేసింది. అదేనండీ, కిర్గిజ్‌స్తాన్‌లో ఎంబీబీఎస్ చదువుతోందే, బిష్కెక్‌లో. బయట మంచు పేరుకుపోయిందట. లోపల మటుకు ఉక్కపోతట!

సోవియట్ వాళ్ళనాటి బొగ్గు ప్లాంటు ఒకటి ఊళ్ళోనే ఉంది. మన సీపత్ కరెంటు ప్లాంటులాంటిదే, కాకపోతే కరెంటుతోపాటు వేణ్ణీళ్ళు కాచి గొట్టాల్లో ఇళ్ళకి పంపుతుంది. మా పిల్ల గదిలో ఆ వేడిని తగ్గించే వీలే లేదట. ఎక్కువైతే కిటికీ తీసి, స్వెట్టర్ విప్పి చదువుకుంటోంది.

1991లో దేశం సోవియట్ నుంచి విడిపోయి నిలబడింది. 1993లో సొంత డబ్బు వచ్చింది, సోమ్ అంటారు. పెద్ద చౌకులో ఉన్న లెనిన్ విగ్రహాన్ని 2003లో మ్యూజియం వెనక్కి జరిపారు. 2005, 2010, 2020, మూడుసార్లు జనం వీధికెక్కి అధ్యక్షుల్ని దింపారు. ఇన్ని మారినా ప్లాంటు జోలికి మటుకు ఎవరు వెళ్తారు చెప్పండి? 2018 జనవరిలో, గడ్డకట్టే చలిలో అది కాస్తా మొరాయిస్తే వేల ఇళ్ళు చల్లబడిపోయాయి.

అసలు కష్టం గొట్టం అందనివాళ్ళది. పల్లెల్లో ఉమ్మడి ఫారాలు మూతపడ్డాక బతుకుతెరువుకి వచ్చి ఊరి చుట్టూ ఇళ్ళు కట్టుకున్నారు. వాళ్ళకి ఇంట్లో బొగ్గు పొయ్యే గతి. ఆ పొగా, ప్లాంటు పొగా, బళ్ళ పొగా కలిసి ఎదురుగా ఉన్న మంచుకొండలే కనబడవట. మా పిల్ల ఉండే ఇంటామె పొద్దున్నే ముక్కుకి గుడ్డ కట్టుకుని ఆ పొయ్యిలవాళ్ళనే తిడుతుందట. కిటికీ తీసి వేడి పారబోసేవాళ్ళకి నోరెలా వస్తుందో! ఆవిడే ఫారంలో పుట్టుంటే తెలిసేది.

ఆ మంచుకి మా పిల్ల బూట్లు దోర్దోయ్ బజారులో కొనుక్కుందట. మన గూడ్సుల మీద పోతుంటాయే ఇనప పెట్టెలు, వాటినే రెండేసి పేర్చి కొట్లు చేశారు. కింద బేరం, పైన గోదాము. ఫ్యాక్టరీలు మూతపడి ఉద్యోగాలు పోయినవాళ్ళు, టీచర్లూ ఇంజనీర్లూ కూడా, అలా బజారున పడి కొట్లు పెట్టుకున్నారు. మా పిల్లకి బూట్లమ్మినావిడ ఒకప్పుడు లెక్కల టీచరట, చిల్లర మటుకు ఇప్పటికీ నోటితోనే లెక్కకట్టేస్తుంది.

అన్నట్టు, మీ మావగారి ట్రంకులో 'జమీల్యా' నవల ఉందన్నారు కదూ? అది రాసిన ఐత్మాతోవ్‌ది ఆ దేశమే. కాస్త వెతికి పెట్టండి. అదిగో, కోర్బా బొగ్గు గూడ్సు వస్తున్నట్టుంది, రైలు గేటు పడకముందే మావాణ్ణి పాలకి తరమాలి.