అసలు ఎంత తీరింది?

ఇల్లు కొని మూడేళ్లయింది. మొన్న పండక్కి ఊరెళ్తే నాన్న అడిగారు, "అప్పు ఎంత తీరిందిరా?" అని. "పదిహేను లక్షలు పైనే కట్టేశా నాన్నా" అన్నా గొప్పగా. "కట్టింది కాదు, తీరిందెంత?" అన్నారు.

రాత్రి ఎక్సెల్ తెరిచా. 50 లక్షలు, 20 ఏళ్లు, రేటు 8.5 శాతం దగ్గరే ఉందనుకుని లెక్కేశా. ఈఎంఐ 43,391. మొదటి నెల అందులో వడ్డీకే 35,417 పోయింది, అసలుకి జమైంది 7,974. మూడేళ్లలో కట్టింది 15.62 లక్షలు, తీరింది 3.26 లక్షలు! ఇలాగే పోతే సగం అసలు తీరేసరికి పద్నాలుగో ఏడు. మొత్తం కట్టేది కోటీ నాలుగు లక్షలు. రోజూ లూపులు రాసే నేను ఈ లూపు ఒక్కసారి కూడా రన్ చేసి చూసుకోలేదు.

మోసమేం లేదు. మిగిలిన అసలు మీద వడ్డీ, అంతే. అందుకే ముందు కట్టిన రూపాయికే బలమెక్కువ. ఇప్పట్నుంచి నెలకి ఇంకో 5 వేలు కలిపితే మిగిలిన 204 వాయిదాలు 164కి దిగుతాయి, వడ్డీ దాదాపు 9.5 లక్షలు తగ్గుతుంది. ఫ్లోటింగ్ రేటు గృహరుణం ముందే తీరిస్తే బ్యాంకులు జరిమానా వెయ్యకూడదని ఆర్‌బీఐ 2012లోనే చెప్పింది కూడా.

పొద్దున్నే నాన్నకి నిజం చెప్పా. "నా పీఎఫ్ డబ్బులు కొన్ని ఉన్నాయి, వేసెయ్యనా?" అన్నారు. వద్దన్నా. కారు బుకింగ్ మాత్రం క్యాన్సిల్ చేసేశా.