నా టెండరు భాగోతం

కంట్రాక్టరు అనగానే మీకు కారూ, మేడా, వేళ్ళకు ఉంగరాలూ కనిపిస్తాయి కాబోలు. అవి ఫస్టుక్లాసు వారి సంగతి. నాది అడుగు తరగతి రిజిస్ట్రేషను. కాలవలకు తూములూ, పల్లెబాటలకు కల్వర్టులూ - నా రాజ్యం అంతవరకే. వాహనం సైకిలు.

1983 వేసవిలో మా ఊరి దారిలోనే ఓ కల్వర్టుకు టెండర్లు పిలిచారు. ఫలానా తరగతిలో రిజిస్టరైనవారే వెయ్యాలని నోటీసులో స్పష్టంగా ఉంది. ధరావత్తు కట్టడానికి మా ఆవిడ గాజులు తాకట్టు పెట్టాను. ఎస్టిమేటుకు 8 శాతం తక్కువకు వేశాను. కవర్లు విప్పితే ఇంకొకాయన 9 శాతం తక్కువ! సరే, ఓడిపోయానని ఊరుకున్నాను. తరవాత తెలిసింది, ఆయనకు అసలు రిజిస్ట్రేషనే లేదని. "దానికేం, తరవాత చేయించుకుంటాడు" అన్నారట ఆఫీసులో.

"కోర్టుకు వెళ్ళు బావా" అన్నాడు మా బావమరిది. వాడికేం, బడిపంతులు, ఒకటో తారీఖున జీతం వస్తుంది. నేను అంతకుముందు కట్టిన తూము తాలూకు బిల్లు అదే ఆఫీసులో ఉంది. ఓవర్సీరు వచ్చి కొలవాలి, ఎంబుక్కులో రాయాలి, పై ఇంజనీరు సరిచూడాలి, అప్పుడుగాని చెక్కు రాదు. వారి మీద పొద్దున రిట్టు వేసి, సాయంత్రం చేతులు కట్టుకుని "నా బిల్లు ఏమైందండీ?" అని ఎలా అడగను? చిన్న కంట్రాక్టర్లు కోర్టుకెక్కకపోవడానికి కారణం శాంతస్వభావం కాదు సుమండీ.

బిల్లు చేతికొచ్చేసరికి అయిదు నెలలు దాటాయి. గాజులు విడిపించి, మిగిలినదానితో హైదరాబాదు బస్సెక్కాను.

వకీలుగారు కాగితాలు చూసి ఉత్సాహపడ్డారు. 1979లో సుప్రీంకోర్టు ఇచ్చిన తీర్పు ఒకటి తీశారు. బొంబాయి విమానాశ్రయంలో హోటలు నడపడానికి టెండర్లు పిలిచారట. అయిదేళ్ళ అనుభవం ఉన్న, రిజిస్టరైన సెకండుక్లాసు హోటలువారే వెయ్యాలని షరతు. తీరా ఆ అర్హత లేనివారికి ఇచ్చారు. తాను పెట్టిన షరతుకు ప్రభుత్వ సంస్థ తానే కట్టుబడాలి, ఇష్టమొచ్చినట్టు సడలించకూడదు అని జస్టిస్ భగవతిగారు తేల్చారు.

నాకు ప్రాణం లేచివచ్చింది. "అయితే అర్జీ పెట్టినాయన గెలిచాడన్నమాట!"

"లేదు. అర్జీ కొట్టేశారు" అన్నారు వకీలుగారు. "ఆయన అసలు టెండరే వెయ్యలేదు. అదొకటి. పైగా అయిదు నెలలు దాటాక కోర్టుకొచ్చాడు. ఈలోగా హోటలు దక్కినవారు లక్షా పాతికవేల దాకా ఖర్చుపెట్టారు. మీరు టెండరు వేశారు, అది మీకు బలం. ఇంతకీ మీ కల్వర్టు పని ఎంతవరకు వచ్చింది?"

"శ్లాబు పోసేశారండి."

ఆయన పుస్తకం మూసేశారు. ఫీజు పుచ్చుకోలేదు, కాఫీ ఇప్పించారు.

మర్నాడు బస్సు దిగి, సైకిలు మీద ఆ కల్వర్టు మీదుగానే ఇంటికి వెళ్ళవలసి వచ్చింది. దిగి, వంగి శ్లాబు అడుగు చూశాను. ఎక్కడా ఇనుము బయటపడలేదు. పని బాగానే చేశాడు మహానుభావుడు.