ఆవైపోయిన హీరో

నిజం చెప్పాలంటే, ఆరోజు నేను నవ్వుకుందామనే వెళ్లాను. ఒక మనిషి తనే ఆవుననుకుని గడ్డి మేస్తాడట! ఇంతకంటే కామెడీ ఏం కావాలి? ఫిలిం సొసైటీవాళ్లు వేసిన ఇరాన్ సినిమా అది. పేరు 'గావ్', అంటే ఆవు. దారియుష్ మెహర్జుయి 1969లో తీశారు.

పాటల్లేవు, ఫైట్లు లేవు. నాటకాల్లోంచి వచ్చిన హీరో ఎజ్జతొల్లా ఇంతెజామీకి అప్పటికే 45 ఏళ్లు.

ఊరికంతటికీ ఒక్కటే ఆవు. దాని యజమాని మష్ హసన్ దాన్ని కన్నబిడ్డలా కడుగుతాడు. ఆయన ఊళ్లో లేనప్పుడు అది చచ్చిపోతుంది. చెబితే తట్టుకోలేడని ఊరివాళ్లు పాతేసి, పారిపోయిందని అబద్ధమాడతారు. నా ఆవు పారిపోయే రకం కాదంటాడాయన. ఆ తర్వాత కొట్టంలో చేరి తనే ఆవైపోతాడు. చివరికి జాలిపడ్డ ఆ ఊరివాళ్లే తాళ్లతో కట్టి, ఆస్పత్రికని వానలో ఈడ్చుకుపోతూ గొడ్డును బాదినట్టు బాదుతారు.

కొమ్ముల్లేవు, తోక లేదు. ఇంతెజామీ కళ్లు చూస్తే చాలు, నవ్వు గొంతులోనే ఆగిపోయింది.

ఎందుకంటే మా నాన్న గుర్తొచ్చాడు. నాకు ఎనిమిదేళ్లప్పుడు మా గేదె చచ్చిపోయింది. నాన్న రెండురోజులు అన్నం ముట్టలేదు. 'గేదె కోసం ఏడుస్తాడేంట్రా!' అని అన్నయ్యా నేనూ చాటుగా నవ్వుకున్నాం. ఆ పాలడబ్బులతోనే మా బడిఫీజులు కట్టేవాడని అప్పుడు మాకేం తెలుసు?

పేదరికాన్ని తెరమీద చూపించారని, ఆ సినిమాకి డబ్బిచ్చిన షా ప్రభుత్వమే దాన్ని కొన్నాళ్లు ఆపేసింది. అయినా 1971లో చికాగో ఉత్సవంలో ఇంతెజామీ ఉత్తమనటుడయ్యారు. 1979 విప్లవం తర్వాత అసలు ఇరాన్‌లో సినిమా ఉంటుందా అన్న రోజుల్లో, ఖొమేనీ మెచ్చుకున్న సినిమా కూడా ఇదేనంటారు. అదే మెహర్జుయి 1987లో ఇళ్ల కరువు మీద తీసిన 'ఎజారె నెషిన్హా', అంటే 'అద్దెకున్నవాళ్లు'లో ఇంతెజామీ జనాన్ని కడుపుబ్బా నవ్వించారు. 1990లో 'హమూన్'లో లాయరయ్యారు. షా కాలంలోనూ, ఆ తర్వాతా ఆయన నటిస్తూనే ఉన్నారు. 2018 ఆగస్టు 17న, 94వ ఏట కన్నుమూశారు.

సినిమా అయ్యాక బయటికొచ్చి నాన్నకి ఫోన్ చేశాను.

"నాన్నా, చచ్చిపోయిన మన గేదె పేరేంటి?"

అంత రాత్రివేళ ఇదేం ప్రశ్నరా అనలేదాయన. ఆలోచించనూ లేదు.

"చుక్క. ఇంకో నెలుంటే ఈనేదిరా," అన్నాడు.