జోడు పున్నమి

1987 ఉగాదికి అక్షయ నామ సంవత్సరం వెళ్లి ప్రభవ వచ్చింది. అరవై పేర్లలో ఆఖరిది పోయి మొదటిది మళ్లీ మొదలైంది. మా తాతయ్య అంతకు ముందటి ప్రభవలో, 1927 వైశాఖంలో పుట్టారు. ఆయన షష్టిపూర్తికి ఆ వేసవిలో తెనాలి దగ్గర మా అమ్మమ్మగారి ఊళ్లో అందరం చేరాం. పెద్దవాళ్లు పందిరి పనుల్లో ఉంటే, పెద్దమ్మ కొడుకు, మా అన్నయ్య, నేనూ వసారాలో చాప వేసుకుని ఒక రాజ్యాన్ని కట్టాం.

‘చందమామ’ను అట్ట నుంచి అట్ట దాకా చదివే రోజులవి. కోట, మాంత్రికుడు, పున్నమి రాత్రి వెనక్కి తిరిగి కొండెక్కే నది, అన్నీ ఒక్క పూటలో కుదిరిపోయాయి. “పంచాంగం లేకపోతే పండుగలెలా చేస్తారే?” అన్నాడు అన్నయ్య. గోడ మీది క్యాలెండర్ దించాం. తిథి, వర్జ్యం, రాహుకాలం చిన్న అక్షరాల్లో కిక్కిరిసి ఉన్నాయి. పాలు పోయని రోజుల మీద అమ్మమ్మ పెట్టుకున్న ఎర్రటి ఇంటూ గుర్తులు వాటి మధ్యనే ఉన్నాయి.

మాయల రాజ్యానికి ఒక్క చంద్రుడేం సరిపోతాడని ఇద్దర్ని పెట్టాం. పాల చంద్రుడికి ఇరవై రోజులకోసారి పున్నమి, రాగి చంద్రుడికి ముప్పై రోజులకోసారి. రాగి చంద్రుణ్ణి రూపాయి బిళ్ల చుట్టూ పెన్సిల్ తిప్పి గీశాం. పాల చంద్రుడికి పది పైసల బిళ్ల దొరికింది. దాని అంచు వంకీలు వంకీలుగా ఉండేది కదా, అందుకని మా పాల చంద్రుడు ఎప్పుడూ పువ్వులా ఉండేవాడు. ఇద్దరి పున్నమి ఒకే రాత్రి ఎప్పుడు పడుతుందో తేల్చడానికి బళ్లో చెప్పిన క.సా.గు. పనికొచ్చింది. అరవై రోజులకోసారి! ఆ రాత్రికి జోడు పున్నమి అని పేరు పెట్టాం. పోయిన వస్తువులన్నీ ఆ రాత్రి ఇళ్లకు తిరిగొస్తాయి. ఆరు జోడు పున్నములైతే ఏడాది, 360 రోజులు. మొదటి జోడు పున్నమికి మామిడిపళ్ల పండుగ.

నోటుపుస్తకం తాతయ్యకు చూపించాం. ఆయన నవ్వలేదు. కళ్లజోడు పెట్టుకుని ప్రతి పేజీ చదివారు. “ఈ అరవై నీకెక్కడిదమ్మా?” అని అడిగి, తన అరవయ్యేళ్ల సంగతి చెప్పారు. గురుడు ఆకాశం చుట్టి రావడానికి సుమారు పన్నెండేళ్లు, శనికి సుమారు ముప్పై. ఇద్దరూ కలిసి బయల్దేరితే అరవై ఏళ్లకు మళ్లీ దాదాపు అక్కడికే చేరతారు. మేం చంద్రులతో వేసిన లెక్కే పైన గ్రహాలతో నడుస్తోందని విని నాకు ఒళ్లు జలదరించింది.

తరవాత ఆయన ఒకటే ప్రశ్న వేశారు. “మీకూ 365 రోజులకే కదా ఎండాకాలం తిరిగొచ్చేది? ముప్పై ఏళ్ల తరవాత మీ మామిడిపళ్ల పండుగ ఎప్పుడొస్తుంది?” లెక్క కట్టాం. ఏటా అయిదుంబావు రోజులు ముందుకు జరుగుతూ అయిదు నెలలు జరిగిపోయింది. మా వాళ్లు డిసెంబరు చలిలో, పిందైనా లేని చెట్ల కింద పళ్ల పండుగ చేసుకుంటున్నారు.

అప్పుడు తెలిసింది నాకు అధిక మాసం ఎందుకో. మన పన్నెండు చాంద్రమాసాలు కలిపితే 354 రోజులే. సూర్యుడి ఏడాదికి పదకొండు రోజులు తక్కువ. సుమారు ముప్పై రెండున్నర నెలలకు ఒక నెల అదనంగా వేసి సరిచేస్తారు. రైతు మాత్రం కార్తెలు చూసుకుంటాడు. అవి సూర్యుణ్ణి బట్టి నడిచేవి, ఒక్కోటి పదమూడు పద్నాలుగు రోజులు. రోహిణిలో ఎండలు మండుతాయి, మృగశిరకు తొలకరి కోసం ఆకాశం చూస్తారు.

అన్నయ్య అయిదు రోజులు విడిగా కలిపేద్దామన్నాడు. “చంద్రులు నీ కోసం ఆగరురా,” అన్నారు తాతయ్య. చివరికి పన్నెండేళ్లకోసారి, పుష్కరంలాగా, అరవై రోజులు అదనంగా వేశాం. అధిక జోడు. అధిక మాసంలో పెళ్లిళ్లు చేయరు కాబట్టి మా అధిక జోడులో మంత్రాలు పనిచేయవు. మాంత్రికుడైనా తన నీళ్లు తనే తోడుకోవాలి. ఆ రాజ్యంలో నాకు ఇప్పటికీ అన్నిటికన్నా ఇష్టమైన రోజులవే.

చాలా ఏళ్ల తరవాత టోల్కిన్ ‘ది రిటర్న్ ఆఫ్ ది కింగ్’ చదివాను. 1955లో వచ్చిన ఆ పుస్తకం చివర అనుబంధాల్లో హాబిట్ల క్యాలెండర్ ఉంది. ముప్పై రోజుల నెలలు పన్నెండు, ఏ నెలకూ చెందని రోజులు అయిదు. అన్నయ్య చెప్పిన పద్ధతే. వాళ్లు సూర్యుణ్ణి నమ్ముకున్నారు కాబట్టి అది చెల్లింది. కొత్త లోకాలు రాసేవాళ్లు చాలామంది నెలలకు వింత పేర్లు పెట్టి ఊరుకుంటారు. నాకది చాలదు. ఆ లోకంలో విత్తనం ఎప్పుడు చల్లుతారో, తప్పిన లెక్కను ఎవరు ఎలా సరిచేస్తారో తెలిస్తేనే అక్కడ మనుషులున్నారని నేను నమ్ముతాను.

నోటుపుస్తకం నా దగ్గరే ఉంది. పన్నెండేళ్లకు 63 రోజుల తేడా వస్తే మేం కలిపింది 60, మూడు రోజులు ఇంకా బాకీ. 1987 ఉగాది మా రాజ్యానికి మొదటి రోజు. ఆ లెక్కన అయిదో అధిక జోడు 2047లో పడుతుంది. మళ్లీ ప్రభవ వచ్చేదీ ఆ ఏడే.